పీఏసీఎస్ (ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘం)లో ఉద్యోగం తీసేశారా? ముందు ఎక్కడికి పోవద్దో తెలుసుకోండి

డిస్మిస్ ఆర్డర్ చేతికి రాగానే దేవరకొండైనా నాగర్‌కర్నూలైనా మనవాళ్లు ముందు పరుగెత్తేది జిల్లా సహకార అధికారి ఆఫీసుకే. ఆ కేసు అక్కడ నడవదు. 1964 సహకార సంఘాల చట్టం సెక్షన్ 61 కింద సంఘం వివాదాలు సహకార సంఘాల రిజిస్ట్రార్ దగ్గరికి (జిల్లాలో ఆయన తరఫున చూసేది జిల్లా సహకార అధికారే) పోతాయి గానీ, జీతం మీద పనిచేసే ఉద్యోగిపై తీసుకున్న క్రమశిక్షణ చర్యను మాత్రం ఆ సెక్షనే మినహాయించింది.

ఇక రెండో తొందర హైకోర్టులో రిట్, అంటే తీసేసిన ఆర్డర్‌ను రద్దు చేయమని నేరుగా హైకోర్టుకే పిటిషన్ వేయడం. సంఘం బైలాలకు, అంటే సంఘం సొంత నియమాలకు, చట్టమంత బలం లేదని సుప్రీంకోర్టు 1969లోనే తేల్చింది, సర్వీసు గొడవల్లో మామూలు సంఘం మీద రిట్ నిలబడడం కష్టమని కోనసీమ కేంద్ర బ్యాంకు కేసులో ఉమ్మడి రాష్ట్ర హైకోర్టు ఫుల్ బెంచ్ చెప్పింది. చట్టం పెట్టిన బాధ్యతనే సంఘం తప్పిందని చూపగలిగితే వేరే మాట.

చాలామందికి మిగిలే దారి కార్మిక శాఖ, లేబర్ కోర్టు లేదా పారిశ్రామిక ట్రిబ్యునల్. మీరు కార్మికుడి కిందికి వస్తారా రారా అనేది హోదాతో తేలదు, రోజూ చేసే పనితో తేలుతుంది. పేరుకు సెక్రటరీ, పనేమో రసీదులు రాయడం, ఎరువుల బస్తాలు లెక్కపెట్టడం అయితే ఆ సంగతి గట్టిగా చెప్పండి. 2025 నవంబర్ 21 నుంచి పాత పారిశ్రామిక వివాదాల చట్టం స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లో ఉంది కాబట్టి పాత కేసు కాగితాల్లోని సెక్షన్ నంబర్లు చూసి పిటిషన్ రాయకండి, గడువు విషయంలో వకీలును మొదటి రోజే అడగండి.

అసలు కేసు గెలిచేది కోర్టులో కాదు, ఛార్జిమెమోకి, అంటే మీ మీద ఆరోపణలు రాసిచ్చే నోటీసుకి, జవాబు రాసే దగ్గరే. ధాన్యం కొనుగోలు సీజన్లో గోనె సంచులు తక్కువొచ్చాయని మెమో ఇచ్చారనుకోండి, "నాకు తెలియదు" అని ఒక్క ముక్క రాసి సంతకం పెట్టొద్దు. ట్రక్ షీట్లు, స్టాక్ రిజిస్టర్, ఆ రోజు సంచులు దించుకున్నవాళ్ల సంతకాలు చూపించమని రాతపూర్వకంగా అడిగి, ఆ లెటర్ కాపీ మీద ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి, ముద్ర వేయకపోతే రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. విచారణ అధికారి వేరే మనిషైతే ఆయన రిపోర్టు కాపీ శిక్షకు ముందే మీకివ్వాలి, 1993లో మన హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో వచ్చిన తీర్పు ఇది. అయితే కాపీ రాలేదన్న ఒక్క మాట చాలదు, రాకపోవడం వల్ల మీకేం నష్టం జరిగిందో కూడా చెప్పాలి.

సంఘం కాగితాలివ్వకపోతే? సహకార సంఘాలు మామూలుగా సమాచార హక్కు కిందికి రావని 2013లో సుప్రీంకోర్టు అంది, కానీ రిజిస్ట్రార్ వస్తారు, చట్టప్రకారం ఆయన తెప్పించుకోగల కాగితాలను ఆయన ఆఫీసు నుంచే అడగొచ్చు. జిల్లా సహకార అధికారి ఆఫీసుతో పని పడేది ఇక్కడ.

సస్పెన్షన్లో ఉంటే జీవనభృతి కోసం నెలనెలా లెటర్ పెట్టండి. అది ఇవ్వకుండా ఎక్స్‌పార్టీగా, అంటే మీరు లేకుండానే, విచారణ ముగిస్తే సుప్రీంకోర్టు 1999 నాటి పాల్ ఆంథోనీ తీర్పు మీకు బలం.

సహకార చట్టం సెక్షన్ 60 సర్‌చార్జి ఆర్డర్ (సంఘానికి జరిగిన నష్టాన్ని మీ నుంచి రాబట్టే ఆర్డర్) కూడా వచ్చిందంటే అది వేరే కేసు, దాని అప్పీలు సహకార ట్రిబ్యునల్‌కు. లేబర్ కోర్టులో ఎలాగూ నడుస్తోంది కదా అని ఊరుకుంటే అక్కడ గడువు దాటిపోతుంది.