క్వాష్ పిటిషన్ వేసే ముందు చూసుకోవలసినవి

తప్పుడు కేసులో ఇరుక్కున్నవారు మొదట అడిగేది, హైకోర్టులో కేసును క్వాష్ (రద్దు) చేయించవచ్చా అని. చేయించవచ్చు, కానీ కేసు అబద్ధమని సాక్ష్యాలతో నిరూపించే చోటు అది కాదు. ఫిర్యాదులో రాసినదంతా నిజమేననుకున్నా అందులో నేరం కనబడుతున్నదా, కనబడినా కోర్టును కక్ష సాధింపుకు వాడుకుంటున్నారా అన్నంత వరకే హైకోర్టు చూస్తుంది.

ఈ అధికారం పాత నేర విచారణ పద్ధతి చట్టం, అంటే సీఆర్‌పీసీలో 482వ సెక్షన్. 2024 జూలై 1 నుంచి అమలులో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహితలో 528. కొత్త చట్టంలో 482 అంటే ముందస్తు బెయిలు కనుక, పాత తీర్పులు చదివేటప్పుడు అంకె చూసి పొరబడకూడదు.

మొదటి పని ఎఫ్ఐఆర్‌ను, దానితోపాటు ఉన్న ఫిర్యాదును వాక్యం వాక్యంగా చదవడం. ఉదాహరణకు స్థలం అమ్ముతానని అగ్రిమెంటు రాసి, అడ్వాన్సు తీసుకుని, తర్వాత రిజిస్ట్రేషన్ చేయని వ్యక్తిపై మోసం కేసు పెట్టారనుకుందాం. మాట తప్పడం మాత్రమే మోసం కాదు. డబ్బు తీసుకునే నాడే మోసగించే ఉద్దేశం ఉండాలి. ఫిర్యాదులో ‘రిజిస్ట్రేషన్ చేయకుండా తిప్పుతున్నాడు’ అని మాత్రమే ఉంటే అది సివిల్ కోర్టులో తేలవలసిన తగాదా. ‘అప్పటికే ఆ స్థలాన్ని ఇంకొకరికి అమ్మేసి, ఆ సంగతి దాచాడు’ అని ఉంటే మాత్రం క్వాష్ ఆశ చాలావరకు వదులుకోవచ్చు. సివిల్ తగాదాకు క్రిమినల్ రంగు పూసి ఒత్తిడి తెచ్చే ధోరణిని సుప్రీంకోర్టు 2006లో ఇండియన్ ఆయిల్ కేసులో గట్టిగా తప్పుపట్టింది. అయితే సివిల్ దావాకు వీలున్నంత మాత్రాన నేరం లేదనలేమని అదే తీర్పులో చెప్పింది. చాలామంది మొదటి సగమే ఉటంకిస్తారు.

హర్యానా మాజీ ముఖ్యమంత్రి భజన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు 1990లో ఏడు సందర్భాలను ఉదాహరణలుగా పేర్కొంది. ఆరోపణల్లో నేరమే లేకపోవడం, అవి ఏ వివేకవంతుడూ నమ్మలేనంత అసంబద్ధంగా ఉండడం, చట్టం కేసును స్పష్టంగా నిషేధించడం, పగతో కేసు పెట్టడం వాటిలో ముఖ్యమైనవి. ఒక్క పగనే నమ్ముకుని వెళ్లడం మంచిది కాదు. పగ ఉన్నవాడు కూడా నిజం చెప్పవచ్చు.

వరకట్న వేధింపుల కేసుల్లో ఎవరు, ఎప్పుడు, ఏం చేశారో లేకుండా అత్తమామలను, ఆడపడుచులను కలిపి పేర్లు రాసేసిన చోట కోర్టులు కేసును కొట్టివేస్తున్నాయి. 2024 డిసెంబరులో తెలంగాణకు చెందిన ఒక కేసును, అక్కడి హైకోర్టు నిరాకరించిన తర్వాత, సుప్రీంకోర్టు ఈ కారణంతోనే రద్దు చేసింది. కాబట్టి ప్రతి నిందితుడికి ఆపాదించిన పనిని విడివిడిగా రాసుకోవాలి. కొందరి ఎదురుగా ఖాళీయే మిగలవచ్చు.

పిటిషన్‌లో ప్రభుత్వంతోపాటు ఫిర్యాదుదారును కూడా రెస్పాండెంటుగా (ప్రతివాదిగా) చేర్చాలి. ఎఫ్ఐఆర్, ఛార్జిషీటు వచ్చి ఉంటే దాని నకలు జతచేయాలి. మన వాదనకు ఆధారంగా ఎదుటివారు కాదనలేని పత్రాలను మాత్రమే పెట్టాలి. వాట్సాప్ సంభాషణలు విచారణలో తేలవలసినవిగానే సాధారణంగా మిగులుతాయి. ఇంతకుముందు వేసిన పిటిషన్లను దాచకూడదు. రాజీ కుదిరితే దాంపత్య, వ్యాపార తగాదాల కేసులను రద్దు చేయవచ్చని 2012లో జ్ఞాన్‌సింగ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది; హత్య, అత్యాచారం వంటి వాటికి అది వర్తించదు.

పిటిషన్ కొట్టేస్తూనే ‘అరెస్టు చేయవద్దు’ అని హైకోర్టు చెప్పడం కుదరదు. హైదరాబాద్ హైకోర్టు ఇచ్చిన అలాంటి ఉత్తర్వును సుప్రీంకోర్టు 2017లో పక్కన పెట్టింది. అరెస్టు భయం ఉంటే ముందస్తు బెయిలుకు వేరుగా వెళ్లాలి.

క్వాష్ అందకపోయినా, వారంట్ కేసుల్లో (రెండేళ్లకు మించి జైలు శిక్ష పడగల నేరాల్లో) మేజిస్ట్రేట్ ముందు డిశ్చార్జి పిటిషన్, అంటే విచారణ మొదలుకాకముందే కేసు నుంచి తప్పించమని కోరే పిటిషన్ వేసుకునే అవకాశం మిగిలే ఉంటుంది. పోలీసు రిపోర్టుపై నడిచే కేసుల్లో కొత్త చట్టం దీనికి 60 రోజుల గడువు పెట్టింది. ఆ లెక్క ఛార్జిషీటు, దాని పత్రాల నకళ్లు చేతికి అందిన రోజు నుంచే మొదలవుతుంది కనుక, హైకోర్టు తీర్పు కోసం ఎదురుచూస్తూ దాన్ని దాటనివ్వకూడదు.