సమానంగా పెరిగే అంకెలను కూడటం ఎలా?

రొయ్యల గుంటలో పిల్ల వదిలాక మొదట్లో మేత చార్టు ప్రకారమే వేస్తాం, రోజూ కొంత పెంచుకుంటూ. మొత్తం ఎంత ఫీడ్ కావాలో ముందే లెక్క తేలాలి. నెల్లూరు జిల్లా అల్లూరు, ఇందుకూరుపేట వైపు చాలామంది ఫోన్‌లో అంకెలన్నీ వరసగా కొట్టి కూడుతుంటారు. నడుమ ఒకటి జారిపోతుంది, మళ్లీ మొదటికొస్తారు. అంత కష్టం అక్కర్లేదు. పదో తరగతిలో అంకశ్రేఢి అని చదివింది ఇదే.

కాగితం, పెన్సిల్ చాలు. గ్రాముల్లోనే రాయండి, కిలోల్లో రాస్తే చుక్క దగ్గర తప్పులొస్తాయి.

ముందు తేడా చూడండి. 2000, 2300, 2600... ఇలా ప్రతిచోటా 300 పెరుగుతుంటేనే ఈ పద్ధతి పనికొస్తుంది. మొదటి రోజు 2000, చివరి రోజు 8000 అనుకుందాం (మీ చార్టులో ఉన్న అంకెలు మీరు వేసుకోండి). రెండూ కలిపితే 10,000. పక్కన రాసుకోండి.

ఇప్పుడు ఎన్ని రోజులో తేల్చాలి. లెక్క చెడేది ఇక్కడే, నిదానంగా చేయండి. 8000లోంచి 2000 తీసేస్తే 6000. దాన్ని 300తో భాగిస్తే 20. అందరూ ఇక్కడే ఆగి 20 రోజులు అనేస్తారు. కాదు. 20 అంటే మేత ఎన్నిసార్లు పెంచామో ఆ లెక్క. మొదటి రోజు ఏమీ పెంచకుండానే వేశాం కదా, ఆ రోజును కలపాలి. కాబట్టి 21. నమ్మకం కుదరకపోతే 2000, 2300, 2600 తీసుకోండి. తేడా 600, 300తో భాగిస్తే 2. కళ్లముందు ఉన్నవి మూడు రోజులు.

ఆ ఒక్క రోజు వదిలేస్తే మొత్తంలో సరిగ్గా ఒక సగటు రోజు మేత తగ్గుతుంది. ఇక్కడ 5 కిలోలు.

ఇదే తప్పు ఇంకోవైపు నుంచి కూడా వస్తుంది. వరస ఇలాగే సాగితే 30వ రోజు ఎంత వేయాలి అని అడిగితే 300ను 30తో గుణించి 2000కు కలిపేస్తారు. పెంచింది 29 సార్లే. అది 10,700 గ్రాములు, 11,000 కాదు. ఇంకొకటి: భాగహారంలో శేషం మిగిలితే సర్దేయకండి. మీరు రాసుకున్న చివరి అంకె ఆ వరసలోదే కాదు. చార్టు మళ్లీ చూడండి.

ఇక 10,000ను 21తో గుణించి సగం చేయండి: 1,05,000 గ్రాములు, అంటే 105 కిలోలు. ముందు గుణించాలి, సగం చేయడం ఆఖర్నే. 21ని ముందే సగం చేసి పదిన్నరలో అర వదిలేసేవాళ్లను చాలామందిని చూశాను.

సగం ఎందుకంటే, వరస కింద అదే వరసను తిరగేసి రాయండి. 2000 కింద 8000, 2300 కింద 7700. ఏ నిలువు వరస కూడినా 10,000 వస్తుంది, అలాంటివి 21. వరసను రెండుసార్లు రాశాం కాబట్టి సగం. కొందరు ఆ కొసదీ ఈ కొసదీ జత కడతారు. రోజులు బేసి సంఖ్యలో ఉంటే నడుమ 5000 ఒంటరిగా మిగిలిపోతుంది, దాన్ని కలపడం మరిచిపోతారు. తిరగేసి రాస్తే ఆ బెడదే లేదు. మొదటిదీ చివరిదీ కలిపి, పదాల (అంటే వరసలోని అంకెల) సంఖ్యలో సగంతో గుణించమని ఆర్యభటుడు క్రీ.శ. 499 నాటికే చెప్పాడు. పిల్లలచేత బట్టీ పట్టించే పొడుగాటి సూత్రమూ ఇదే, చివరి పదాన్ని అందులో దాచేశారంతే. నన్నడిగితే చివరి పదం విడిగా రాసుకోవాల్సిందే, తప్పు ఎక్కడుందో కంటికి కనబడుతుంది.

చార్టులో పెంపు నడుమ మారితే రెండు ముక్కలు చేయండి. పది రోజులు 300 చొప్పున పెంచితే పదో రోజు 4700. ఆ తర్వాత 400 చొప్పున అయితే రెండో ముక్క 5100తో మొదలవుతుంది. 4700తో మొదలుపెడితే పదో రోజును రెండుసార్లు కూడినట్టే. మొదటి ముక్క 33.5 కిలోలు. రెండో ముక్క 5100 నుంచి 8700 దాకా, మరో పది రోజులు, 69 కిలోలు. మొత్తం 102.5. 25 కిలోల బస్తాలైతే నాలుగు చాలవు, ఐదు చెప్పండి.