న్యూనెన్‌లో ఇల్లు దొరికిందా? అయితే ఇది చదవండి

నెదర్లాండ్స్‌లోని ఐండ్‌హోవెన్‌లో ఉద్యోగం వచ్చి, అక్కడ ఇల్లు దొరక్క పక్కనే ఉన్న న్యూనెన్‌కి వచ్చిపడ్డారా? నేనూ అంతే. ముందు కాగితాల పని చూసుకోండి. నాలుగు నెలలకు మించి ఉండేట్టయితే వచ్చిన 5 రోజుల్లో ఊరి మున్సిపాలిటీలో (ఖెమేంతె అంటారు) పేరు నమోదు చేయించుకోవాలి, అప్పుడే బీఎస్ఎన్ (మన ఆధార్ లాంటిది) నంబరు వస్తుంది, అది లేకపోతే జీతం దగ్గర్నుంచి అన్నీ తలనొప్పే. హెల్త్ ఇన్సూరెన్స్ తీసుకోవడానికి 4 నెలల గడువు ఉంటుంది. ఊళ్ళో రైల్వే స్టేషన్ లేదు, బస్సో సైకిలో.

ఇక "ఇక్కడ చూడ్డానికి ఏముందండీ" అనే మాట. మొదటి నెలంతా నేనూ అదే అన్నాను.

చిత్రకారుడు వాన్ గోగ్ 1883 డిసెంబరు నుంచి 1885 నవంబరు దాకా ఇక్కడే ఉన్నాడు. వాళ్ళ నాన్న ఈ ఊరి ప్రొటెస్టెంట్ పాస్టరు, ఆ ఇల్లు, ఎనిమిది మూలల చిన్న చర్చి ఇప్పటికీ ఉన్నాయి. అప్పట్లో ఇక్కడ ఇంటింటా మగ్గాలుండేవి. గదంతా మగ్గమే, మనిషి దాని లోపల ఎక్కడో ఇరుక్కుని నేస్తుంటాడు, వాన్ గోగ్ వేసిన ఆ బొమ్మలు చూస్తే మనకి పోచంపల్లో మంగళగిరో గుర్తు రాకుండా ఉండదు. దీపం కింద బంగాళాదుంపలు తింటున్న రైతు కుటుంబం బొమ్మ కూడా ఇక్కడిదే, 1885 నాటిది, అసలుది మాత్రం ఆమ్‌స్టర్‌డామ్‌లో ఉంది. ఆ ఇంటి అమ్మాయి గర్భవతి అయితే ఊళ్ళో కొందరు వాన్ గోగ్‌నే అనుమానించారు, కాథలిక్ ఫాదరేమో అతని ముందు బొమ్మకి కూర్చోవద్దని జనానికి చెప్పేశాడు. పల్లెటూరి గుసగుసలు ఎక్కడైనా ఒకటే!

బీటెక్‌లో షార్టెస్ట్ పాత్ అల్గారిథం (అతి దగ్గరి దారి వెతికే పద్ధతి) బట్టీ పట్టినవాళ్ళకి ఇంకో మాట. దాన్ని కనిపెట్టిన కంప్యూటర్ శాస్త్రవేత్త డైక్‌స్ట్రా ఏళ్ళ తరబడి ఉన్నది ఈ ఊళ్ళోనే. అల్గారిథం 1956లో ఆమ్‌స్టర్‌డామ్‌లో కాఫీ తాగుతుంటే తట్టిందట గానీ, 1973 నుంచి అమెరికా కంప్యూటర్ కంపెనీ బరోస్‌కి ఇక్కడి ఇంట్లోంచే పనిచేశాడు, కాబట్టి వర్క్ ఫ్రం హోమ్ మనం కనిపెట్టిందేమీ కాదు. చేత్తో రాసిన నోట్సుకి నంబర్లు వేసి, జెరాక్స్ తీయించి పోస్టులో పంపేవాడు. 1984లో అమెరికా వెళ్ళినా చివరికి ఇక్కడికే తిరిగొచ్చి 2002లో ఇక్కడే పోయాడు.

రెండో ప్రపంచ యుద్ధంలో, 1944 సెప్టెంబరులో ఇక్కడ ట్యాంకులతో యుద్ధం జరిగింది, జర్మన్ల ధాటికి అమెరికన్ సైనికులు ఆ రోజు వెనక్కి తగ్గాల్సి వచ్చింది. యుద్ధంలో పోయినవాళ్ళని తల్చుకుంటూ ఏటా మే 4 రాత్రి 8 గంటలకు దేశమంతా రెండు నిమిషాలు మౌనం పాటిస్తుంది, ఆ టైంలో ఫోను, టీవీ, కుక్కర్ విజిల్ అన్నీ ఆపండి. పక్కింటివాళ్ళ దగ్గర సెలవు తీసుకునేటప్పుడు "హౌదూ" అనండి, ఈ ప్రాంతం, అంటే బ్రాబంట్ మాట, మొహం విప్పారుతుంది.

ఐండ్‌హోవెన్ వైపు రాత్రిపూట చిన్న రాళ్ళు చుక్కల్లా వెలిగే సైకిల్ దారి ఉంది, వాన్ గోగ్ చుక్కల రాత్రి బొమ్మ చూసి 2014లో వేశారు. బాగా ఎండ కాసిన రోజు చీకటి పడ్డాక వెళ్ళండి. అందంగా ఉందని సైకిల్ లైటు మాత్రం ఆపకండి, జరిమానా వేస్తారు.