శుక్లం వచ్చిందన్నారు, మరి ఎంత ముదిరిందో డాక్టర్ ఎలా తేలుస్తారు: సమస్య - పరిష్కారం

కంటి ఆసుపత్రి నుంచి వచ్చేవాళ్ళ చీటీ చూస్తే ఎన్‌ఎస్ 2 అనో, పీఎస్‌సీ అనో, ఐఎంసీ అనో రాసి ఉంటుంది, ఏమన్నారండీ అని అడిగితే మాత్రం "పొర వచ్చిందంట, ఇంకా పండలేదంట" అంటారు అంతే. చూపు చెక్ చేసే రూమ్‌లో పని చేస్తాను కాబట్టి ఈ మాట రోజూ వింటుంటా. అందుకే ఏ ఇబ్బంది ఉంటే ఏ కారణం అనుమానించాలి, డాక్టర్ ఏం చూస్తారు, మీరేం చేయాలి అనేది రాస్తున్నా. ముందే ఒక్క మాట, శుక్లం అంటే కంట్లో ఉండే లెన్స్ మసకబారడం, గ్రేడ్ అనేది ఆ లెన్స్‌కి వేసే నంబర్, మీ ఇబ్బందికి వేసేది కాదు. ఆ నంబరూ మీ ఇబ్బందీ ఒకదానికొకటి సరిపోవాలి, సరిపోకపోతే ఇంకో కారణం వెతకాల్సిందే.

సమస్య: దూరంవి మసక, అద్దాలు మార్చినా అంతే

ముందు 6 మీటర్ల దూరంలో చార్ట్ చదివిస్తాం. 6/18 అని రాస్తే, బాగున్న కన్ను 18 మీటర్ల నుంచి చదివే అక్షరం మీకు 6 మీటర్ల దగ్గరకొస్తేగానీ తెలియట్లేదు అని అర్థం. తర్వాత చిన్న చిల్లు ఉన్న నల్ల రేకు, దాన్ని పిన్‌హోల్ అంటారు, అది కంటికి అడ్డం పెట్టి మళ్ళీ చదివిస్తాం. అప్పుడు కింద లైన్లు కూడా చదివేస్తే చాలావరకు అది అద్దాల పవర్ గొడవే, పవర్ సరిచేస్తే పోతుంది. షుగర్ అదుపులో లేకపోతే పవర్ అటూఇటూ మారుతూ ఉంటుంది, అలాంటప్పుడు షుగర్ కుదురుకున్నాక చెక్ చేయించుకుంటే కొత్త అద్దాల డబ్బులు వేస్ట్ కావు.

పిన్‌హోల్‌తో కూడా పెరగకపోతే అప్పుడు స్లిట్ ల్యాంప్ అనే, కంటిని పెద్దది చేసి చూపించే మెషిన్ దగ్గర కూర్చోబెడతారు. గడ్డం కింద ఆనించి, నుదురు పైన పట్టీకి తాకించి కూర్చుంటే డాక్టర్ సన్నటి నిలువు కాంతి గీతని పక్క నుంచి సుమారు 45 డిగ్రీల వాలులో కంటిపాపలోకి పంపిస్తారు, అప్పుడు లెన్స్ ముందు నుంచి వెనక దాకా అడ్డంగా కోసినట్టు పొరలు పొరలుగా కనపడుతుంది. మధ్యలో గింజలా ఉండే భాగం రంగు చూసి గ్రేడ్ వేస్తారు, లేత పసుపు అయితే 1, బాగా పసుపు అయితే 2, తేనెరంగులోకి వస్తే 3, గోధుమరంగుకి తిరిగితే 4, మరీ వదిలేస్తే నల్లగా కూడా అవుద్ది. ఎన్‌ఎస్ 1, ఎన్‌ఎస్ 2 అని రాసేది ఇదే. ఇంకా కచ్చితంగా కావాలంటే లాక్స్ 3 అనే పద్ధతి ఉంది, 1993లో వచ్చింది, ముందే తీసిపెట్టిన స్టాండర్డ్ ఫోటోల పక్కన మీ లెన్స్‌ని పోల్చి మధ్యభాగం రంగుకీ మసకకీ 0.1 నుంచి 6.9 దాకా, అంచు పొరకీ వెనక పొరకీ 0.1 నుంచి 5.9 దాకా మార్కులు వేస్తారు. రీసెర్చ్‌లో ఇది బాగా వాడతారు, రద్దీ ఓపీలో మాత్రం ఎక్కువగా 1 నుంచి 4 లెక్కే నడుస్తుంది.

సమస్య: ఉన్నట్టుండి అద్దాలు లేకుండానే పేపర్ చదవగలుగుతున్నా

పెద్దవాళ్ళు దీనికి చాలా సంతోషపడతారు, చూపు వెనక్కొచ్చిందని ఊరంతా చెప్తారు. లెన్స్ మధ్యభాగం గట్టిపడి మైనస్ పవర్ పెరగడం వల్ల అలా అవుద్ది, దగ్గర బాగుపడుతుంది, దూరం పోతుంది. కొన్నాళ్ళకి దగ్గరది కూడా తగ్గుతుంది. అద్దాలు మార్పిస్తే కొంతకాలం నడుస్తుంది, కానీ పవర్ మాటిమాటికీ మారుతుంటే లెన్స్ చూపించుకోండి.

సమస్య: రాత్రి బండి నడిపితే ఎదురు లైట్లకి ఏమీ కనపడదు, ఎండలో ఇంకా కష్టం

నాకు ఎక్కువ బాధ అనిపించేది ఈ కేసులే, ఎందుకంటే చీకటి రూమ్‌లో చార్ట్ చదివిస్తే వీళ్ళు 6/9 దాకా చదివేస్తారు, "చూపు బాగానే ఉంది కదా" అని పంపించేస్తారు, మనిషేమో రాత్రిపూట బైక్ తీయడానికి భయపడుతూ ఉంటాడు. కారణం లెన్స్ అంచుల నుంచి చీలికల్లా వచ్చే కార్టికల్ శుక్లం కావచ్చు, లెన్స్ వెనక గోడకి అంటుకుని వచ్చే పీఎస్‌సీ కావచ్చు. పీఎస్‌సీ సరిగ్గా చూపు దారి మధ్యలో కూర్చుంటుంది, ఎండలో కంటిపాప చిన్నదైనప్పుడు, దగ్గర చదివేటప్పుడు అదే అడ్డం పడుతుంది. షుగర్ ఉన్నవాళ్ళలో, స్టెరాయిడ్ మాత్రలో చుక్కలో ఎక్కువకాలం వాడినవాళ్ళలో చిన్నవయసులోనే వస్తుంది.

దీన్ని చూడ్డానికి డాక్టర్ కాంతిని నేరుగా లోపలికి కొడతారు, కంటి వెనక తెరలా ఉండే రెటీనా నుంచి ఎర్రటి వెలుగు తిరిగొస్తుంది, ఆ ఎరుపు మీద శుక్లం ఉన్నచోట నల్లటి చారలో మచ్చో కనపడుతుంది, అది ఎంత మేర ఆక్రమించింది, మధ్యలో ఉందా పక్కన ఉందా అన్నదాన్నిబట్టి గ్రేడ్. మీరు చేయాల్సింది ఏంటంటే "కనపడట్లేదు" అని ఊరుకోకుండా ఎప్పుడు కనపడట్లేదో చెప్పండి, ఎండలోనా, రాత్రా, చదివేటప్పుడా. వెలుగు పెట్టి చూపు చెక్ చేసే గ్లేర్ టెస్ట్ ఉంది, అడగండి. వాడే మందుల చీటీలన్నీ తీసుకెళ్ళండి, స్టెరాయిడ్ వల్లే అని తెలిసినా సొంతంగా ఆపొద్దు, అది రాసిన డాక్టర్‌తోనే మాట్లాడాలి.

సమస్య: ఒక డాక్టర్ 2 అన్నారు, ఇంకొకరు 3 అన్నారు

కంగారు వద్దు, ఇది కంటితో చూసి వేసే అంచనా, మనిషికీ మనిషికీ ఒక మెట్టు తేడా వస్తుంది. చుక్కలు వేసి కంటిపాప పెద్దది చేయకుండా చూస్తే అంచుల్లో ఉన్నది కనపడకపోవచ్చు కూడా. చుక్కలకి అరగంట దాకా పడుతుంది, ఆ తర్వాత కొన్ని గంటలు దగ్గరవి మసకగా, వెలుతురు భరించలేనట్టు ఉంటుంది, కాబట్టి బండి మీద ఒంటరిగా వెళ్ళొద్దు.

సమస్య: శుక్లం చిన్నదే అన్నారు, చూపు మాత్రం బాగా పడిపోయింది

దయచేసి ఇక్కడ ఆగి అడగండి. గ్రేడ్ 1 శుక్లంతో చూపు 6/60కి పడిపోదు. రెటీనా మధ్యలో ఉండే మ్యాక్యులా దెబ్బతిని ఉండొచ్చు, కంటి ప్రెషర్‌తో నరం దెబ్బతినే గ్లాకోమా ఉండొచ్చు, కంటి నరం సమస్య ఉండొచ్చు. టార్చ్‌ని ఒక కంటి మీద నుంచి ఇంకో కంటి మీదకి మారుస్తూ కంటిపాపలు ఎలా ముడుచుకుంటున్నాయో చూసే టెస్ట్ ఉంది. ఒట్టి శుక్లం ఎంత ముదిరినా ఈ టెస్ట్‌లో తేడా రాదు, వచ్చిందంటే నరంలోనో రెటీనాలోనో ఏదో ఉన్నట్టే. కంటి ప్రెషర్, రెటీనా పరీక్ష, అవసరమైతే రెటీనా పొరల్ని చూపించే ఓసీటీ స్కాన్ చేయించుకోండి. ఇవి చూడకుండా ఆపరేషన్ చేసేస్తే కొత్త లెన్స్ బాగానే పడుతుంది, చూపు మాత్రం రాదు, అప్పుడు ఇంటిల్లిపాదీ ఆపరేషన్ ఫెయిల్ అనుకుంటారు.

సమస్య: కంటిపాప తెల్లగా అయిపోయింది, చెయ్యి ఊపితే తప్ప తెలియట్లేదు

పక్క నుంచి టార్చ్ వేస్తే నల్లగుడ్డు నీడ లెన్స్ మీద నెలవంకలా పడితే ఇంకా పూర్తిగా ముదరలేదని, అదే చీటీలో ఐఎంసీ. నీడ పడకపోతే పూర్తిగా ముదిరినట్టు. అప్పుడు వెనక రెటీనా కనపడదు కాబట్టి బీ-స్కాన్ అల్ట్రాసౌండ్ తీస్తారు, నాలుగువైపుల నుంచీ లైట్ వేసి ఎటునుంచి వస్తోందో చెప్పమంటారు. కన్ను ఎర్రబడి, నొప్పి, తలనొప్పి, వాంతులు ఉంటే మాత్రం కంటి ప్రెషర్ పెరిగిందేమో చూడాలి, అదేరోజు వెళ్ళండి.

పండేదాకా ఆగమని ఇంట్లో పెద్దవాళ్ళు చెప్పే మాట పాత ఆపరేషన్ల కాలంది. ఇప్పుడు ఫేకో అనే ఆపరేషన్‌లో లెన్స్‌ని లోపలే ముక్కలు చేసి పీల్చేస్తారు, ఎంత గట్టిపడితే అంత ఎక్కువ శక్తి వాడాల్సొస్తుంది, కంటి ముందుండే అద్దం లాంటి పొర కార్నియాకి దెబ్బ తగిలే అవకాశం పెరుగుతుంది. చుక్కలతో కరిగిపోతుందని ఎవరైనా అమ్మితే కొనొద్దు. అలాగని గ్రేడ్ 1కే తొందరపడి చేయించుకోనక్కర్లేదు, మీ పనికి అడ్డం వస్తోందా అన్నదే అసలు ప్రశ్న.

సమస్య: ముక్కువైపు మూల నుంచి కండ పెరుగుతోంది

అది శుక్లం కాదు, టెరీజియం, కంటి పైన పెరిగేది, దాని వైద్యం వేరు.

సమస్య: చిన్నపిల్లల కంటిపాపలో తెల్లగా కనపడుతోంది

ఫ్లాష్ ఫోటోలో ఒక కన్ను ఎర్రగా ఇంకోటి తెల్లగా పడినా ఇదే లెక్క. పుట్టుకతో వచ్చిన శుక్లం కావచ్చు, రెటీనాలో ట్యూమర్ కూడా కావచ్చు. ఇక్కడ గ్రేడ్ గురించి ఆలోచించే టైమ్ లేదు, పిల్లల కంటి డాక్టర్ దగ్గరకి వెంటనే తీసుకెళ్ళండి, ఆ ఫోటో కూడా చూపించండి.