పీట్ పాసల్‌థ్వెయిట్ నటనను అధ్యయనం చేయడం ఎలా

కథానాయకుడి నటజీవితాన్ని అతని విజయాలను బట్టి అంచనా వేయవచ్చు గాని, క్యారెక్టర్ నటుడి విషయంలో ఆ పద్ధతి పనికిరాదు. అతను తెరపై కనిపించేది కొద్దిసేపే కనుక, ఆ కొద్దిసేపట్లో ఏం చేశాడన్నదే చూడాలి. ఈ అధ్యయనానికి బ్రిటిష్ నటుల్లో పీట్ పాసల్‌థ్వెయిట్‌ను ఎంచుకోమని నా సలహా. 1946లో వారింగ్టన్‌లో పుట్టిన ఆయన బ్రిస్టల్ ఓల్డ్ విక్ నాటక పాఠశాలలో శిక్షణ పొంది, లివర్‌పూల్ ఎవ్రీమన్ థియేటర్‌లో రాటుదేలారు.

ఆయన చిత్రాలను విడుదలైన వరుసలో చూడవద్దు. ముందుగా, ఒకదానికొకటి ఏమాత్రం పోలిక లేని రెండు పాత్రలను వెంటవెంటనే చూడండి. 1993 నాటి ‘ఇన్ ద నేమ్ ఆఫ్ ద ఫాదర్’లో ఆయన, చేయని నేరానికి కొడుకుతోపాటు జైలుపాలైన జుసెప్పె కాన్లన్, ఆస్కార్ ఉత్తమ సహాయ నటుడి నామినేషన్ దక్కింది ఈ పాత్రకే. 1994లో బ్రిటిష్ టీవీ ఛానెల్ ఐటీవీ ‘షార్ప్’ చిత్రాల్లో మాత్రం, టోపీలోకి చూస్తూ తల్లితో మాట్లాడే క్రూరుడైన సార్జెంట్ హేక్స్‌విల్. ఎత్తైన చెంప ఎముకలున్న అదే ముఖం ఒకచోట గౌరవాన్నీ, మరోచోట జుగుప్సనూ ఎలా పుట్టిస్తోందో పోల్చి చూడండి.

ఆ తర్వాత 1996 నాటి ‘బ్రాస్డ్ ఆఫ్’కు ఎక్కువ సమయం కేటాయించండి. యార్క్‌షైర్‌లో బొగ్గుగని మూతపడే ముప్పు ముంచుకొస్తున్న వేళ, కార్మికుల వాద్యబృందాన్ని నడిపే డానీ ఆయన. ఈ చిత్రాన్ని ఒకసారి కథ కోసం, మరోసారి డానీ మాట్లాడని చోట్ల కోసం చూడాలి. అతను ఆసుపత్రిలో ఉన్నప్పుడు బృంద సభ్యులు రాత్రివేళ బయట నిలబడి, గని టోపీల దీపాలు వెలిగించుకుని వాయిస్తారు. మంచం మీద నుంచి వినడం తప్ప అతనికి అక్కడ మరో పని లేదు. ఆ వినడాన్ని శ్రద్ధగా గమనించిన వారికి, చివర్లో లండన్‌లోని ఆల్బర్ట్ హాల్ వేదికపై వాద్యబృందాల పోటీ ట్రోఫీని నిరాకరిస్తూ అతను చేసే ప్రసంగంలోని అదుపు స్పష్టంగా అర్థమవుతుంది. నా దృష్టిలో ఆయన అత్యుత్తమ పాత్ర ఇదే.

టెలివిజన్‌లో బీబీసీ ధారావాహిక ‘క్రిమినల్ జస్టిస్’ (2008)లోని ఖైదీ హూచ్ పాత్రను వదలవద్దు. ఆయన 2011 జనవరిలో మరణించారు. అంతకు కొద్ది నెలల ముందు వచ్చిన ‘ద టౌన్’లో పూల దుకాణం నడిపే నేరగాడిగా, గులాబీ కాడలను సవరిస్తూనే ఎదుటివాడిని బెదిరిస్తారు. ఆ సన్నివేశాన్ని మొదట శబ్దం ఆపి చేతులను మాత్రమే గమనిస్తూ, తర్వాత శబ్దంతో సంభాషణను వింటూ చూడండి.