రైస్ పుల్లర్ పేరుతో డబ్బు పోతే పోలీసు ఫిర్యాదు ఇచ్చే విధానం

మొన్న ఒడిశాలోని రాయగడలో జెరాక్స్ షాపు దగ్గర ఒక పెద్దాయన తన ఫిర్యాదు కాగితం చూపించారు. ఒడియాలో ఎవరో రాసిపెట్టి మూడు వందలు తీసుకున్నారట. స్టేషన్‌లో అది చదివి, ‘ఇది అప్పు గొడవ, కోర్టుకు వెళ్లండి’ అని పంపేశారు. కాగితంలో ఉన్నది కూడా అదే: ‘ఫలానా వ్యక్తికి నాలుగు లక్షలు చేబదులు ఇచ్చాను, తిరిగి ఇవ్వడం లేదు.’ నిజానికి ఆయన ఎవరికీ చేబదులు ఇవ్వలేదు. రైస్ పుల్లర్ చెంబుకు టెస్టింగ్ చార్జీలని కట్టారు. ఆ మాట రాయడానికి సిగ్గుపడ్డారు.

ఈ మోసగాళ్లు చెప్పే కథ ఊరు మారినా పెద్దగా మారదు. పిడుగు పడిన పాత రాగి పాత్రలో ఇరిడియం చేరుతుందని, దానికి బియ్యం గింజలను లాక్కునే శక్తి వస్తుందని, ఉపగ్రహాల్లో వాడడానికి నాసా, ఇస్రో కోట్లు పెట్టి కొంటాయని చెబుతారు. ఆ పాత్రనే రైస్ పుల్లర్ అంటారు. అలాంటి లోహమే లేదు. ఇరిడియం మాత్రం నిజంగా ఉంది. ప్లాటినం కుటుంబానికి చెందిన అరుదైన లోహం అది, స్పార్క్ ప్లగ్గుల కొనలకు కూడా వాడతారు. అయితే అది బియ్యాన్ని లాగదు, పిడుగు పడినంత మాత్రాన రాగిలోకి వచ్చి చేరదు.

వాళ్లు డెమో చూపించిన బియ్యం కొంచెం పెద్దాయన జేబులో పొట్లం కట్టి ఉంచుకున్నారు. నాలుగు గింజలు తీసి షాపులో ఉన్న చిన్న అయస్కాంతం దగ్గర పెట్టాం. లేచి అతుక్కున్నాయి. గోటితో గీరితే నల్లటి పొడి రాలింది, ఇనుప రజను. చెంబులో అయస్కాంతం దాచేస్తే చాలు, గింజలు వాటంతట అవే దాని వైపు పాకుతాయి. ఆయన చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. మీ దగ్గర అలాంటి బియ్యం, చెంబు, ‘ల్యాబ్ రిపోర్టు’ ఏదున్నా పారేయకండి. అవి సాక్ష్యాలు.

ఇక విధానం. డబ్బు ఫోన్‌పే, గూగుల్ పే, బ్యాంకు ద్వారా వెళ్లి ఉంటే ముందు సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. వాళ్లిచ్చే నంబరుతో జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌లో వివరాలు పూర్తి చేయండి. ఎంత త్వరగా చేస్తే అవతలి ఖాతాలో డబ్బు ఆపే అవకాశం అంత ఎక్కువ. స్క్రీన్‌షాట్లతో సరిపెట్టకుండా బ్యాంకు స్టేట్‌మెంట్ తీసుకుని, ప్రతి చెల్లింపు తేదీ, మొత్తం, యూటీఆర్ నంబరు (ఆ చెల్లింపుకు బ్యాంకు ఇచ్చే గుర్తింపు సంఖ్య) రాసుకోండి. ఫోన్ మార్చకండి, వాట్సాప్ చాట్ చెరపకండి. నగదు చేతికిచ్చి ఉంటే నేరుగా స్టేషన్‌కే వెళ్లాలి.

ఎక్కువమంది దెబ్బతినేది ఫిర్యాదు కాగితంలోని మాటల దగ్గరే. చట్టం దృష్టిలో తీసుకున్న అప్పు తీర్చకపోవడం వేరు, మోసం వేరు. మోసం అనాలంటే మొదటినుంచీ మిమ్మల్ని నమ్మించి డబ్బు లాగాలన్న ఉద్దేశం వాళ్లకు ఉందని కనపడాలి. కాబట్టి డబ్బు ఇవ్వకముందు వాళ్లు ఏం చెప్పారో రాయండి. ఎక్కడ కలిశారు, చెంబు ఎలా చూపించారు, ఏ సంస్థ పేరు చెప్పారు, ఏ కాగితం ఇచ్చారు, ఆ మాట నమ్మే ఎంత ఇచ్చారు, ఆ తర్వాత ఇంకా ఏ ఖర్చుల పేరుతో అడిగారు, ఇవన్నీ తేదీల వరుసలో రావాలి. ‘చేబదులు’, ‘అప్పు’, ‘పెట్టుబడి’ అనే మాటలతో అసలు సంగతి దాచకండి. అత్యాశకు పోయావని ఎవరైనా అంటారని భయం ఉంటుంది. అననివ్వండి. 2018లో ఢిల్లీ పోలీసులు ఇదే రైస్ పుల్లర్‌ను నాసాకు అమ్ముతామన్న తండ్రీకొడుకులను అరెస్టు చేశారు. అక్కడ మోసపోయింది ఒక వ్యాపారి. ఆయన ఫిర్యాదు ఇచ్చారు, కేసయింది.

ఒడియా రాయడం రాకపోతే టెన్షన్ పడకండి. నోటితో చెప్పినా పోలీసులు రాసుకుని, మీకు చదివి వినిపించి, ఆ తర్వాతే సంతకం తీసుకోవాలి. అర్థంకాని మాట ఉంటే ఆపి అడగండి. బయట ఎవరిచేతనైనా రాయించుకున్నా అంతే, పూర్తిగా చదివించుకోకుండా సంతకం పెట్టవద్దు.

‘డబ్బు ఇచ్చింది ఆంధ్రాలోని సాలూరులో కదా, అక్కడికి వెళ్లండి’ అన్న మాట సరిహద్దు ఊళ్లవాళ్లు తరచూ వింటారు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (కేసుల నమోదు, దర్యాప్తు విధానం చెప్పే చట్టం), సెక్షన్ 173 ప్రకారం నేరం ఎక్కడ జరిగినా మీ దగ్గరి స్టేషన్‌లో ఫిర్యాదు ఇవ్వవచ్చు. జీరో ఎఫ్ఐఆర్, అంటే తమ పరిధి కాకపోయినా నమోదు చేసే ఎఫ్ఐఆర్ రాసి, వాళ్లే నేరం జరిగిన చోటి స్టేషన్‌కు పంపుతారు. అయినా తీసుకోకపోతే అదే ఫిర్యాదును జిల్లా ఎస్పీకి స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. అక్కడా కదలకపోతే మేజిస్ట్రేట్‌కు దరఖాస్తు పెట్టుకోవచ్చు.

ఎఫ్ఐఆర్‌కు ఫీజు లేదు, దాని కాపీ కూడా ఉచితంగా ఇవ్వాలి. ‘స్టేషన్‌లో మనవాళ్లున్నారు, పది శాతం ఇస్తే రికవరీ చేయిస్తా’ అంటూ ఎవరైనా వస్తే అది రెండో మోసమే. ఆ ఫోన్ నంబరు కూడా ఫిర్యాదులో రాయండి.

పెద్దాయన కాగితం మళ్లీ రాశాం, ఈసారి చెంబుతో మొదలుపెట్టి. మూడు పేజీలు వచ్చింది. బియ్యం పొట్లాన్ని ప్లాస్టిక్ కవర్లో పెట్టి, పిన్ను కొట్టి, దానితో పాటు తీసుకెళ్లారు.