మరిచిపోయిన జ్ఞాపకాలకి మనసులో ఒక బురుజు కట్టుకోవడం ఎలా

అమ్మమ్మ పోయిన ఆరేళ్ళకి ఒకరోజు ఆమె గొంతు ఎలా ఉండేదో గుర్తు తెచ్చుకుందామని కూర్చుంటే, రాలేదు. గోడ మీద ఫొటోలో మొహం ఉంది, గొంతు మాత్రం లేదు. నాకు చాలా భయమేసింది. ఆ భయంతోనే వెతికి ఈ పద్ధతి నేర్చుకున్నాను, మీరు కూడా ఈ రాత్రికే మొదలుపెట్టాలని రాస్తున్నాను.

జానపద కథల్లో పోయినవన్నీ దాచిపెట్టే మాయకోట లాంటిది ఉంటే బాగుండు అనిపిస్తుంది కదా, అంతస్తుకి ఒక కాలం, గదికి ఒక మనిషి. అలాంటిది మనసులో కట్టుకోవచ్చు. ఇది చాలా పాత విద్య. గ్రీకు కవి సిమోనిడీస్ విందు నుంచి బయటికి రాగానే ఆ భవనం పైకప్పు కూలిపోయిందనీ, ఎవరు ఎక్కడ కూర్చున్నారో తలుచుకుని శవాలను గుర్తుపట్టాడనీ రోమన్ వక్త సిసెరో చెప్పాడు. మనుషుల్ని విడివిడిగా తలుచుకోలేదు, చోటుని తలుచుకున్నాడు, చోటుతో పాటు మనుషులు వచ్చారు. మొత్తం కిటుకు ఇదే. మన ఇళ్ళల్లో "కొంగుకి ముడి వేసుకో, మర్చిపోకుండా ఉంటావు" అనేవాళ్ళు, అది కూడా జ్ఞాపకానికి ఒక చోటు చూపించడమే.

ముందు బురుజు ఎంచుకోండి. పూర్తిగా ఊహించి కట్టొద్దు, మీ కాళ్ళు తొక్కిన కట్టడమే కావాలి, ఎందుకంటే ఊహించిన గోడలు రేపటికి మారిపోతాయి. నాది చార్మినార్. పదేళ్ళప్పుడు మామయ్య చెయ్యి పట్టుకుని ఎక్కాను. 1591లో కట్టిన ఆ కట్టడం మినార్‌లో 149 మెట్లు చుట్లు తిరుగుతూ పైకి వెళ్తాయి, నాకు ఆ ఇరుకు, ఆ రాతి చల్లదనం ఇప్పటికీ అరచేతిలో ఉన్నాయి. మీది మీ ఊరి గాలిగోపురం కావచ్చు, చదువుకున్న బడి మేడ కావచ్చు.

తర్వాత మజిలీలు, అంటే బురుజు చుట్టూ వరసగా ఆగే చోట్లు, పెట్టుకోవాలి. పది చాలు. నాకు చార్మినార్ నాలుగు కమాన్లు, వాటిపైన 1889లో పెట్టిన నాలుగు గడియారాలు, మెట్ల గుమ్మం, మొదటి బాల్కనీ, లెక్క సరిపోయింది. గుళ్ళో ప్రదక్షిణం చేసినట్టు ఎప్పుడూ ఒకే దిక్కుగా తిరగండి: ఉత్తరాన చార్‌కమాన్ వైపు మొదలై, తూర్పు, దక్షిణం, చివరికి పడమర లాడ్ బజార్ గాజుల వైపు. వరస ఒక్కసారి మారినా గందరగోళమే, అందుకే కళ్ళు మూసుకుని ఐదారుసార్లు ఉత్తినే తిరిగి రండి.

మొదటి వారం జ్ఞాపకాల జోలికి వెళ్ళకండి, కిరాణా సరుకులతో సాధన చేయండి. చింతపండు కావాలా, ఉత్తరం గడియారం మీద తడి చింతపండు ముద్ద పడి ముళ్ళు అతుక్కుపోయినట్టు, పులుపు వాసనకి నోరూరినట్టు చూడండి. ఊరికే "గడియారం, చింతపండు" అని వల్లె వేస్తే నిలవదు, వింతగా ఉండాలి, వాసనో శబ్దమో తగలాలి. 2017లో వచ్చిన ఒక అధ్యయనంలో మామూలు మనుషులు రోజుకి అరగంట చొప్పున 40 రోజులు ఇలా సాధన చేశాక, 72 పదాల జాబితాలో సగటున 26 గుర్తుండే చోట 62 గుర్తుపెట్టుకోగలిగారు. కాబట్టి "నాకు మతిమరుపు" అని వెనక్కి తగ్గకండి.

ఇప్పుడు అసలు పని. బురుజు లోపల ఒక్కో అంతస్తు ఒక్కో ఇంటికి ఇవ్వండి. ఇక్కడ మాత్రం ఊహకి పని చెప్పొచ్చు, నా చార్మినార్ మొదటి అంతస్తు తలుపు తీస్తే అమ్మమ్మ పెరడు ఉంటుంది. లోపలికి వెళ్ళాక "ఏం జరిగింది?" అని అడగకండి, మనసు బిగుసుకుపోతుంది. కాళ్ళ కింద ఏముంది, ఎండ ఎటునుంచి పడుతోంది, ఏం వాసన వస్తోంది, ఇవి అడగండి. 1975లో గాడెన్, బాడ్లీ అనే పరిశోధకులు డైవర్లతో చేసిన ప్రయోగంలో, నీళ్ళలో నేర్చుకున్న పదాలు ఒడ్డు మీదకన్నా నీళ్ళలోనే బాగా గుర్తొచ్చాయి. మనం కూడా ఆ నీళ్ళలోకే దిగాలన్నమాట. నేను నాలుగో రాత్రి రుబ్బురోలు దగ్గర ఆగాను. తడిసిన మినప్పప్పు వాసన, పొత్రం తిరిగే బరువైన శబ్దం, ఆ శబ్దం మధ్యలో "చెయ్యి పెట్టకురా, నలుగుద్ది" అని ఆమె గొంతు, కొంచెం బొంగురుగా, చివర సాగదీస్తూ. ఏడ్చేశాను.

అయితే ఒక జాగ్రత్త, దీన్ని తేలిగ్గా తీసుకోవద్దు. మనసు ఖాళీని తనకి తోచినట్టు నింపేస్తుంది. మనస్తత్వ శాస్త్రవేత్త ఎలిజబెత్ లాఫ్టస్ బృందం 1995లో, చిన్నప్పుడు మాల్‌లో తప్పిపోయావని 24 మందికి ఒక కట్టుకథ చెబితే, దాదాపు నాలుగో వంతు మంది ఎంతో కొంత నమ్మేశారు. అందుకని దొరికిన ప్రతిదాన్నీ ఒక నోట్‌బుక్‌లో తేదీ వేసి రాసి, పక్కన ప్రశ్నార్థకం పెట్టండి. ఆ ఇంట్లో ఉన్న ఇంకొకరు ఔనన్నాకే ఆ ప్రశ్నార్థకం కొట్టేయండి. అడిగేటప్పుడు మీకు తట్టింది ముందే చెప్పేయకండి, "అమ్మమ్మ రుబ్బేటప్పుడు మనల్ని ఏమనేది?" అని మాత్రమే అడగండి. నేను పిన్నిని అలాగే అడిగాను, నవ్వి, అదే సాగదీతతో అదే మాట అంది. భరించలేని బాధ దాగిన గది ఏదైనా ఉంటే దాని తలుపు ఒంటరిగా తీయొద్దు, కౌన్సిలర్ సాయం తీసుకోండి.

దొరికినవి నిలవాలంటే మర్నాడు ఒకసారి, మూడో రోజు ఒకసారి, వారానికి ఒకసారి తిరిగి రావాలి, పది నిమిషాలు చాలు, పడుకునే ముందైతే ఫోన్ పక్కన పడేసి. ఇంట్లో పెద్దవాళ్ళు ఇంకా ఉంటే వాళ్ళనే మాట్లాడించి ఫోన్‌లో రికార్డ్ చేసి పెట్టుకోండి, ముందు ఆ పని చేయండి, బురుజు సంగతి రాత్రికి చూసుకోవచ్చు.